యుద్ధచిత్రముల కూర్పు

తెలుగు చలనచిత్రము మొదలగునప్పుడు తెరమీద వరుసగా పేర్లు పడును. మాటలు ఫలానావారు, పాటలు ఫలానావారు, సంగీతము ఫలానావారు. ఆ వరుసలోనే ‘కూర్పు’ అను మాటయు, దానిక్రింద నొక పేరును కనబడును. ఆ పేరును శ్రద్ధగా చదువువారు నూటికొక్కరుందురో లేదో! ఇంగ్లీషువారు ఎడిటింగు అనెడి ఈ పనికి మనవారు ‘కూర్పు’ అను తెలుగుమాటను ఎన్నుకొనుట నాకు మిక్కిలి నచ్చినది. పూలు కూర్చినను, పద్యము కూర్చినను, కూర్చుట యనగా ఉన్నవానిని తగిన తావున చేర్చుటయే కాని లేనిదానిని పుట్టించుట కాదు. కథాచిత్రమును కూర్చువానికి ఈ భేదముతో అంతగా పనిలేదు. అతనికి కల్పనయే ముడిసరకు. యుద్ధరంగమునుండి వచ్చిన యథార్థచిత్రమును, అనగా డాక్యుమెంటరీని, కూర్చువానికి మాత్రము పరువంతయు ఈ భేదముమీదనే నిలిచియుండును.

శ్రోతలారా, నేటి నా ప్రసంగము అట్టివాని పనిని గూర్చి. వ్యాకరణమును తర్కమును చెప్పుకొని ముప్పదియేండ్లు పాఠశాలలో కాలము గడపిన పంతులునకు ఈ సినిమాగొడవ యేలయని మీకు తోచవచ్చును. రెండు కారణములు కలవు. నేడు పశువులు కాచు పిల్లవాని చేతిలో సైతము ఫోనున్నది. ఎక్కడనో జరుగు యుద్ధముల తునుకలు అందులో వచ్చి పడుచున్నవి. వానిని చూచి మనము ఒక పక్షమును నమ్ముచున్నాము, ఒక పక్షమును దూషించుచున్నాము, రచ్చబండమీద తగవులాడుచున్నాము. ఆ తునుకకు ముందేమున్నదో, వెనుక నేమున్నదో, దానిని కోసినవారెవ్వరో అడుగువారు కానరారు. ఇది మొదటి కారణము. మాటలు కొన్ని చేరి వాక్యమై అర్థమిచ్చుట యెట్లన్నది మా శాస్త్రములలో పాతప్రశ్న. ఆ ప్రశ్నయే బొమ్మల రూపమున ఈ కూర్పరి యెదుట నున్నది. ఇది రెండవ కారణము. నన్నీ విషయమునకు లాగినది నిజముగా నిదియే.

నా పూర్వశిష్యుడొకడు హైదరాబాదులో ఈ వృత్తిలో నున్నాడు. అతడు రమ్మని పిలువగా ఒకపూట అతని పనిగదిలో కూర్చుంటిని. కిటికీలకు నల్లని తెరలు. బల్లమీద రెండు కంప్యూటరు తెరలు. ఒకదానియందు కెమేరానుండి వచ్చిన ముక్కలు పెట్టెలలో సర్దినట్లున్నవి. రెండవదానియందు వానిని వరుసగా చేర్చెడి పట్టీ యొకటి, దానిక్రింద శబ్దముయొక్క రేఖ నీటి అలవలె ఎగిరిపడుచు కనబడుచుండెను. నేను కోత చూడబోయితిని. అతడు మూడుగంటలలో ఒక్క కోతయు కోయలేదు. ప్రతిముక్కను ఆసాంతము చూచుట, దానికి తేది, స్థలము, తీసినవాని పేరు, అందులో మాటలాడినవారెవరు, ఏమనిరి అని వ్రాసిపెట్టుట, ఇదియే పని.

‘‘ఏమిరా, అసలు పని ఎప్పుడు మొదలుపెడతావు?’’ అని అడిగితిని.

‘‘అసలు పని ఇదే మాస్టారూ. ఏ ముక్క ఎక్కడిదో రాసుకోకుండా కోస్తే, రేపు ఎవరైనా నిలదీస్తే నా దగ్గర జవాబుండదు’’ అనెను.

‘‘తీసేసినదంతా ఏమవుతుంది?’’

‘‘పారెయ్యం మాస్టారూ. దాస్తాం. అడిగితే చూపించాలి కదా.’’

పూర్వము ఈ పని చేతిపనియే. ముప్పదియైదు మిల్లీమీటర్ల ఫిల్ము సెకనునకు ఇరువదినాలుగు బొమ్మల చొప్పున, నిమిషమునకు తొంబది అడుగులు నడచును. అసలు నెగటివును ముట్టక, దాని నకలును మూవియోలా యను యంత్రముపై ముందునకు వెనుకకు త్రిప్పి చూచి, కోసి, అంటించెడివారు. నేలమీద ఫిల్ము కుప్పలు పడెడివి. ఇప్పుడు కోత యనగా యంత్రమునకిచ్చు ఆజ్ఞమాత్రమే, ముడిసరకు చెక్కుచెదరదు. పరికరము మారినను నిష్పత్తి మారలేదు. చూచినది కొండంత, చూపునది గోరంత. 1927లో రష్యాలో ఎస్ఫిర్ షూబ్ అను ఆమె ‘రోమనోవ్ వంశ పతనము’ అను చిత్రమును కూర్చినది. జారు చక్రవర్తి ఇంటివారి వేడుకల చిత్రములను, మొదటి ప్రపంచయుద్ధపు వార్తాచిత్రములను నేలమాళిగలలోనుండి వెదకి తీయించి, సుమారు 60,000 మీటర్ల ఫిల్మును పరిశీలించి, తుదకు 1,500 మీటర్ల చిత్రముగా నిలిపినది. అందులో ఓడపైని దొరలు దొరసానులు చెమటలు పట్టునట్లు నాట్యమాడు దృశ్యమొకటి కలదు. వెనువెంటనే కూలిజనము చెమటోడ్చి మన్ను త్రవ్వుచుండుట కనబడును. నాట్యమును నిజమే, త్రవ్వుటయు నిజమే. ఈ రెంటిని ప్రక్కప్రక్కన నిలుపగా పుట్టిన నేరారోపణము మాత్రము ఆ రెండు బొమ్మలలో దేనియందును లేదు. అది షూబ్ వాక్యము.

ఇచ్చట మా శాస్త్రమును కొంచెము స్మరించుట అవసరము. పదములు వాక్యము కావలెనన్నచో మూడు కావలెను: ఆకాంక్ష, యోగ్యత, సన్నిధి. ఒక పదము మరియొకదానికై ఎదురుచూచుట ఆకాంక్ష. ‘ఆవు, గుఱ్ఱము, మనుష్యుడు, ఏనుగు’ అని ఊరక చెప్పినచో ఒకటి మరియొకదానిని కోరదు, వాక్యము కాదు. అర్థమునకు బాధ లేకుండుట యోగ్యత. ‘నిప్పుతో తడుపుము’ అన్నచో ఆకాంక్ష యున్నను యోగ్యత లేదు. ఇక సన్నిధి యనగా పదములు ఎడము లేక వెంటవెంట వినబడుట. ఉదయము ‘ఆవును’ అని, సాయంకాలము ‘తెమ్ము’ అన్నచో ఎవడును ఆవును తోలుకొనిరాడు. కూర్పరి చేతిలోని సర్వశక్తియు ఈ సన్నిధియే. అతడు బొమ్మలను తీయడు, మాటలను వ్రాయడు, దేనిప్రక్కన దేనిని పెట్టవలెనో నిర్ణయించును. చూచువాని మనస్సు, అడిగినను అడుగకున్నను, ఆ రెంటికి సంబంధము కల్పించుకొని తీరును.

రష్యాలోనే లెవ్ కులేషోవ్ అను దర్శకుడు దీనిని పరీక్షించి చూచెను. పుడోవ్‌కిన్ చెప్పిన వృత్తాంతమిది. నిర్వికారముగ నున్న ఒక నటుని ముఖమును తీసికొని, ఒకచోట దానిప్రక్కన అంబలిగిన్నెను, ఒకచోట శవపేటికలోని స్త్రీని, ఒకచోట ఆడుకొను బిడ్డను చేర్చెను. చూచినవారు అతని ఆకలిని, దుఃఖమును, వాత్సల్యమును వేర్వేరుగ మెచ్చుకొనిరట. ముఖము మూడుచోట్ల నొక్కటే! కథలో ఇది చమత్కారము. యుద్ధచిత్రమున ఇట్టి పని ప్రాణాంతకము. ఏడ్చుచున్న తల్లి ముఖమొకటి ఉన్నదనుకొందము. దానిప్రక్కన ఏ పక్షపు సైనికుని చేర్చినచో ఆ పక్షమే దోషియగును. తల్లి ఏడ్చినది వేరొక ఊర, వేరొక దినమున అయినను చూచువానికి తెలియు దారి లేదు. ముక్కలు రెండును సత్యములై, కూర్పుచేత వాక్యము అసత్యమగుట యనగా నిదియే. ఫోనులో వచ్చు తునుకలలో అనేకము ఈ జాతివని నా యనుమానము.

దీనికన్న స్థూలమైన దోషము ఇంకొకటి కలదు. 1916 జూలై 1వ తేదీన ఫ్రాన్సులో సోమ్ నదీప్రాంతమున బ్రిటిషు సేన గొప్ప దాడి మొదలుపెట్టెను. ఆ ఒక్కనాడే ఆ సేనలో 57,470 మంది నష్టపడగా అందులో 19,240 మంది మరణించిరి. జెఫ్రీ మాలిన్స్, మెక్‌డొవెల్ అను ఇరువురు కెమేరాలతో అక్కడ నుండిరి. వారు తెచ్చినదానిని చార్లెస్ అర్బన్ అను నిర్మాత మాలిన్స్‌తో కలిసి కూర్చగా ‘సోమ్ యుద్ధము’ అను చిత్రము ఆ సంవత్సరము ఆగస్టులోనే లండనులో ప్రదర్శితమయ్యెను. ఆరువారములలో రెండుకోట్ల టిక్కెట్లు అమ్ముడుపోయినవని అంచనా. అందులో సైనికులు కందకమునుండి పైకెక్కి శత్రువులమీదికి పోవుటయు, ఒకడు వెంటనే గుండుదెబ్బ తిని జారిపడుటయు కలదు. చూచినవారి గుండెలు చిక్కబట్టిన ఘట్టమది. ఆ ఘట్టమే యుద్ధభూమిలో తీసినది కాదు. వెనుకనున్న శిక్షణశిబిరములో సైనికులచేత ఆడించి తీసినది.

చిత్రమున అధికభాగము యథార్థమే. గాయపడినవానిని భుజమున వేసికొని కందకమువెంట వచ్చువాడు, మూగవలె కూర్చున్న ఖైదీలు, గుఱ్ఱములు, బురద; ఇవి నిజములు. అయినను నేడు ఆ చిత్రమును గూర్చి మాటలాడువారెవ్వరైనను మొదట ఆ నటనాఘట్టమును చెప్పకుండ ముందునకు పోజాలరు. కుండెడు పాలలో చుక్క విషమని పామరులును ఎరుగుదురు. ఆ కొలదిక్షణములను వదలిపెట్టియున్నచో చిత్రమునకు ఉత్సాహము కొంత తగ్గెడిది, సాక్ష్యము మాత్రము చెడకుండెడిది. కూర్పుగదిలో తీసివేయగల అధికారము కలవారు తీసివేయలేదు. నా దృష్టిలో తప్పు కెమేరాకన్న కత్తెరది.

శబ్దమును గూర్చి ఒక మాట. 1937లో జోరిస్ ఐవెన్స్ స్పెయిను అంతర్యుద్ధమును గూర్చి ‘స్పానిష్ ఎర్త్’ అను చిత్రమును తీసెను. కూర్పు హెలెన్ వాన్ డాంగెన్ అను ఆమెది, వ్యాఖ్యానము హెమింగ్వేది. శబ్దమును వారు స్టూడియోలో చేర్చవలసి వచ్చినది. బాంబులు పడు ధ్వనికై, ‘శాన్ ఫ్రాన్సిస్కో’ అను కథాచిత్రములోని భూకంపపు ధ్వనిని తెచ్చి తలక్రిందుగ నడపించితిమని ఐవెన్స్ పిమ్మట వ్రాసినాడు. ఇది సోమ్ చిత్రపు దోషముతో సమానమా? బాంబు నిజముగ పడినది, ఇల్లు నిజముగ కూలినది, చప్పుడుమాత్రము అరువు. ఆ కాలపు ప్రేక్షకులు శబ్దమంతయు చేర్చినదేయని ఎరిగియుండిరి గనుక నేను దానిని క్షమింతును. నేటివారు బొమ్మతోబాటు శబ్దమును అచ్చటిదేయని నమ్ముదురు. కావున నేడట్లు చేసినచో చెప్పి చేయవలెను.

ఇక నేను ముఖ్యముగ చెప్పదలచిన ఘట్టమునకు వచ్చుచున్నాను.

1945 ఏప్రిలు 15వ తేదీన బ్రిటిషు సేనలు ఉత్తర జర్మనీలోని బెర్గెన్-బెల్సెన్ శిబిరమును చొచ్చెను. అచ్చట సుమారు 60,000 మంది ఖైదీలు ఎముకలగూళ్లై ఉండిరి. ఖననము లేక పడియున్న శవములే పదమూడువేలకు పైగా నుండెను. సేనవెంట వచ్చిన సైనిక ఛాయాగ్రాహకులు దానిని ఫిల్ముకెక్కించిరి. లండనులో సిడ్నీ బెర్న్‌స్టీన్ అను చిత్రాధికారి ఈ సామగ్రితో ఒక పెద్ద చిత్రము చేయ సంకల్పించెను. అతని చింత యొక్కటే: రేపు ఎవరైనను ఇది జరుగనే లేదందురు, అట్లనకుండ ఏమి చేయవలెను? కూర్పునకు స్టువర్ట్ మెకాలిస్టర్, పీటర్ టానర్ అను వారిని నియమించిరి. మెకాలిస్టర్ అంతకుముందే యుద్ధకాల చిత్రములచే పేరుపొందిన కూర్పరి. బెర్న్‌స్టీనునకు మిత్రుడైన ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ అమెరికానుండి వచ్చి కొన్నివారములు సలహాదారుగ నుండెను. ఈ హిచ్‌కాక్ ఎవరు? కోతలచేత ప్రేక్షకుని వణికించుటలో అందెవేసిన చేయి. అట్టివాడు ఇచ్చిన సలహా ఏమనుకొన్నారు? సాధ్యమైనంతవరకు కోయవద్దని!

దీనిని విప్పి చెప్పెదను. శిబిరములో శవములను పూడ్చునప్పుడు చుట్టుప్రక్కల ఊళ్ల జర్మను పెద్దలను రప్పించి నిలువబెట్టి చూపించిరి. కూర్పరి మామూలు పద్ధతిలో నయినచో ఏమిచేయును? పెద్దమనుష్యుని ముఖము ఒక ముక్క, గోతిలోని శవములు ఒక ముక్క, మరల ముఖము. ఇది సన్నిధి. మనకు అర్థమగును, కన్నీరును వచ్చును. కాని సందేహించువాడు, ‘ఆ మనుష్యుడు వేరొకచోట నిలిచి వేరొకదానిని చూచుచుండెను, మీరు అంటించితిరి’ అని యనగలడు. అదే కెమేరా ముఖముమీద మొదలై, నడుమ కోతలేక, మెల్లగ తిరిగి గోతిమీదికి వచ్చినచో, ముఖమును గోయియు ఒకే నేలమీద, ఒకే క్షణమున ఉన్నట్లు రుజువగును. ఆ నిడుపాటి బొమ్మలను ముక్కలు చేయక నిలుపవలెనన్నది సలహా. అనగా సందేహమునకు తావున్నచోట కూర్పరి తన విద్యకంతటికి మూలమైన సన్నిధినే త్యజింపవలెను. వ్యాకరణపండితుని నోట సంధిచేయకుమని వినుట యెట్లుండునో, నాకట్లు తోచినది.

శిబిరము చేరువ ఊళ్లకు ఎంతదూరమో పటములు వేసి చూపుటయు ఆ చిత్రములోని ఇంకొక జాగ్రత్త. బెల్సెన్ భాగము వసంతకాలపు పొలములతో, శుభ్రమైన పల్లెలతో మొదలగును. అంత దగ్గర నుండియు ఎరుగమన్న మాట పటము ముందు నిలువదు. మరియొకటి: గోతియొడ్డున నిలిచిన సైనికుడు కెమేరావైపు తిరిగి ఆనాటి తేదిని, తన పేరును చెప్పి, తానచ్చట చూచినదానిని వివరించును, వెనుక గోయి కనబడుచుండును. మన దానశాసనములలో తిథివారములు, ఎల్లలు, సాక్షుల పేర్లు చెక్కించిన రాజులకు ఈ పద్ధతి వెంటనే బోధపడియుండెడిది.

ఆ సంవత్సరమే నవంబరు 29వ తేదీన, న్యూరెంబర్గు న్యాయస్థానములో అమెరికనులు శిబిరములను గూర్చిన వేరొక చిత్రమును సాక్ష్యముగ ప్రదర్శించిరి. అది సుమారు గంట నడచును. దాని ఆరంభమున కథ లేదు, సంగీతము లేదు, ప్రమాణపత్రములున్నవి. కెలాగ్ అను నావికాదళపు అధికారి, ఫిల్ము నిపుణుడు, 80,000 అడుగుల ఫిల్మును పరీక్షించితిననియు, దానినుండి తీసిన ఈ 6,000 అడుగులలో దిద్దుబాటుగాని వికారముగాని లేదనియు ప్రమాణము చేసెను. తీసివేసిన 74,000 అడుగులు అడిగినవారికి చూపగల స్థితిలో ఉన్నప్పుడే అట్టి ప్రమాణమునకు విలువ. నా శిష్యుడు ‘దాస్తాం’ అన్నమాట కిది పెద్దరూపము.

వరుసను గూర్చి కూడ చెప్పవలెను. భారతములో సంజయుడు యుద్ధవార్తను ధృతరాష్ట్రునికి ఎట్లు చెప్పెనో గమనించినారా? పదవదినమున రణమునుండి వచ్చి, ముందుగా భీష్ముడు పడెనను మాట చెప్పును. రాజు మూర్ఛిల్లి తేరుకొని అడిగిన తరువాతనే మొదటినుండి ఆరంభించును. ద్రోణుని విషయమునను, కర్ణుని విషయమునను అట్లే. ఫలము ముందు, క్రమము వెనుక. ఏమి జరుగునో యను ఉత్కంఠను సంజయుడు కావలెనని చంపివైచినాడు. ఎట్లు జరిగెనన్నదే అతనికి ముఖ్యము. నేటి కూర్పరులును ఈ రెండు వరుసల నడుమ తర్కించుకొనుచున్నారు.

సిరియాలో అలెప్పో నగరమున వాద్ అల్-కతెబ్ అను యువతి కొన్నియేండ్లపాటు ముట్టడిలో నుండి, 500 గంటలకు పైగా చిత్రించినది. అదియే 2019లో ‘ఫర్ సామా’ అను చిత్రమయ్యెను. ఆమెయు ఎడ్వర్డ్ వాట్సును దర్శకులు, క్లోయి లాంబోర్న్, సైమన్ మెక్‌మాన్ కూర్పరులు. బాంబులమీద బాంబులు వరుసగ చూపినచో ప్రేక్షకుని మనస్సు మొద్దువారును. కావున 2016 నాటి ముట్టడినుండి వెనుకటి యేండ్లలోనికి, ప్రేమ, పెండ్లి, తోట, బిడ్డ పుట్టుట వీనిలోనికి పోయి మరల వత్తురు. అయినను ఒక్కచోట వారు చేయి ముడుచుకొని కూర్చుండిరి. గాయపడిన గర్భిణికి శస్త్రముచేసి బిడ్డను తీయుదురు. బిడ్డలో చలనములేదు. వైద్యులు రుద్దుదురు, తట్టుదురు, తలక్రిందుగ పట్టుకొందురు. కోసి కుదించినచో అది పది సెకనుల వార్త. వారట్లు చేయక చాలసేపు నిలిపిరి. ఆ బిడ్డ ఏడ్చువరకు చూచువారికిని ఊపిరియాడదు.

ఉక్రెయినులోని మరియుపోల్ చిత్రమున వరుస వేరు. 2022 ఫిబ్రవరి 24న దండయాత్ర మొదలైనప్పుడు చెర్నోవ్ అను వార్తాఛాయాగ్రాహకుడు తన సహచరులతో ఆ పట్టణములో నుండెను. మార్చి నడుమ వారు బయటపడిరి. బయటకు తెచ్చిన ముప్పదిగంటల సామగ్రినుండి మిషెల్ మిజ్నర్ అను కూర్పరి ‘ట్వంటీ డేస్ ఇన్ మరియుపోల్’ను నిర్మించినది. 2024లో దానికి ఆస్కారు వచ్చినది. ఇందులో దినములు ఒకటి, రెండు, మూడు అని లెక్కప్రకారము నడచును. కారణమున్నది. మార్చి 9న ప్రసూతి ఆసుపత్రిమీద బాంబు పడినది. అందులో రోగులు లేరనియు, గాయపడినట్లున్న స్త్రీలు నటులనియు రష్యా పక్షమున ప్రచారము జరిగినది. తగవు పడిన విషయమునకు తేదీల వరుసయే రక్ష. కూర్పరి ఇంకొక మంచిపని చేసినది. కెమేరా పట్టిన దృశ్యమును సావకాశముగ చూపి, అదియే ప్రపంచ టెలివిజనులలో కొలదిక్షణముల తునుకగ ఎట్లు వచ్చెనో చూపి, దానిని అబద్ధమన్నవారి మాటలను కూడ చేర్చినది. తునుకకును దాని మూలమునకును గల దూరము కంటికి కట్టినట్లగును.

ఇన్ని ఘోరములను చూపవచ్చునా యను ప్రశ్న యున్నది. భరతుని నాట్యశాస్త్రము యుద్ధమును, మరణమును, నగరపు ముట్టడిని అంకములో ప్రత్యక్షముగ చూపవలదని, ప్రవేశకముచే తెలుపవలెనని శాసించినది. ఆ నియమము నాటకమునకు. అచ్చట చచ్చినవాడు తెరవెనుక లేచి మజ్జిగ త్రాగును. యథార్థచిత్రములోని మృతుడు లేవడు. అతనికొక తల్లి యుండును, ఆమె ఈ చిత్రమును చూడవచ్చును. కావున చూపకుండుట యొక్కటే మర్యాద కాదు, అంతయు చూపుటయే ధైర్యమును కాదు. ముఖమును చూపక చేతిని చూపుట, గాయమును వదలి వైద్యుని చూపును నిలుపుట, ఇన్ని సెకనులు చాలునని ఆపుట. ఇవి ప్రతి బొమ్మకును వేరుగ తూచవలసిన తూకములు. సూత్రము చేయబూనినవారెవ్వరును నాకు కనబడలేదు, నేనును చేయబూనను.

ఒకటిమాత్రము ప్రేక్షకుడెరుగనిది. మనము ఆ సెకనులను ఒకసారి చూచెదము. కూర్పరి నూరుసార్లు చూచును. మనకు చూపనిదానిని గూడ చూచును. ధృతరాష్ట్రుడు తన కుల నాశనమును చూడజాలక వ్యాసుడిచ్చెదనన్న దృష్టిని వలదనెను. అది సంజయునకు సంక్రమించినది. సంజయుని నిద్రను గూర్చి ఎవరును అడుగలేదు. కెనడా దేశపు మానసికవైద్యుడు ఆంథనీ ఫైన్‌స్టీన్ 2014లో తోడివారితో కూడి, వార్తాలయములలో హింసాదృశ్యములను పరిశీలించు ఉద్యోగులను పరీక్షించి ప్రకటించినదేమనగా: ఎంతసేపు చూచిరన్నదానికన్న ఎన్నిమార్లు చూచిరన్నది మనస్సును ఎక్కువగ గాయపరచునని. కావున ఈ వృత్తిలోనివారు శబ్దమును తగ్గించి పనిచేయుట, బొమ్మను చిన్నదిగ చేసికొనుట, రాత్రివేళ అట్టి ముక్కలను ముట్టకుండుట అలవరచుకొనుచున్నారు. శబ్దమే ఎక్కువ బాధించునని నా శిష్యుడును చెప్పెను. అతని బల్లమీద తులసిమొక్క కుండీ యొకటి యుండెను. దాని నెందుకు పెట్టుకొన్నాడో నేనడుగలేదు.

బెల్సెన్ చిత్రమునకు పట్టిన గతిని చెప్పి విరమింతును. 1945 సెప్టెంబరు నాటికి ఆరు రీళ్లలో అయిదు కూర్పబడినవి. ఆలోపల రాజకీయము మారినది. ఓడిన జర్మనులను లేవనెత్తి పనిలో పెట్టవలెనను ఆలోచన బలపడినది. అమెరికనులు తమ చిన్నచిత్రమును వేరుగ సిద్ధము చేసికొనిరి. ఈ పెద్దచిత్రము ఆగిపోయినది. 1952లో ఆ అయిదు రీళ్లును, కోయని సామగ్రియు, వ్యాఖ్యానపు వ్రాతప్రతియు, ఏ బొమ్మ తరువాత ఏ బొమ్మ రావలెనో తెలుపు జాబితాయు లండనులోని ఇంపీరియల్ వార్ మ్యూజియమునకు చేరినవి. 1984లో బెర్లిను చిత్రోత్సవమున అయిదు రీళ్లు చూపబడెను. ఆరవది అట్లే యుండెను. పిమ్మట ఆ మ్యూజియమువారు జాబితాను ముందుంచుకొని, దాచియున్న ఫిల్ములోనుండి ఒక్కొక్క బొమ్మను వెదకి తీసి, మొదటి కూర్పరులు వ్రాసిన వరుసలోనే నిలిపి, ఆరవరీలును పూర్తిచేసిరి. 2014లో ఆ చిత్రము మొదటిసారి సంపూర్ణముగ తెరకెక్కినది.